కృష్ణా డెల్టాలో పసిపిల్లల తొలి చదువు: మక్తబ్, వీధిబడి, ఇంటి భాష

ముస్లిం సమాజ విద్యాచరిత్రను గురించి మనలో చర్చ జరిగినప్పుడల్లా పెద్ద మదర్సాలు, విశ్వవిద్యాలయాలు, ప్రసిద్ధ పండితులు ముందుకు వస్తారు. నాలుగైదేళ్ల బిడ్డ మొదటి అక్షరం ఎక్కడ, ఎవరి దగ్గర, ఏ భాషలో నేర్చుకున్నాడన్న సంగతి వెనుకబడిపోతుంది. కాని తరువాతి చదువంతా ఆ తొలి రెండు మూడు సంవత్సరాల మీదనే నిలుస్తుంది. మచిలీపట్నం, గుడివాడ, దివిసీమ ప్రాంతాలలో ముస్లిం బిడ్డ స్థితి ఈ విషయంలో ప్రత్యేకమైనది. ఇంట్లో అతడు దక్కనీ ఉర్దూ గాని తెలుగు గాని మాట్లాడతాడు. మసీదు పక్కనున్న మక్తబ్‌లో అరబీ అక్షరాలు దిద్దుతాడు. బడిలో తెలుగు, దానితోపాటు ఇంగ్లీషు నేర్చుకుంటాడు. ఏడేళ్లు నిండకముందే మూడు లిపులు అతడి ముందు నిలుస్తాయి. ఇది భారమా, భాగ్యమా? ఈ ప్రశ్నకు చరిత్ర ఏమి సమాధానం చెబుతున్నదో పరిశీలించటం ఈ వ్యాసం ఉద్దేశం.

ఇస్లామీయ సంప్రదాయంలో తొలి చదువు

దైవప్రవక్త ముహమ్మద్ (స) వారిపై అవతరించిన తొలి దైవవాణి చదువుమన్న ఆజ్ఞతో ఆరంభమైంది. కలం ప్రస్తావన కూడా అక్కడే ఉన్నది. హిజ్రీ 2వ సంవత్సరంలో, అంటే క్రీ.శ. 624లో బద్ర్ యుద్ధం ముగిసిన తరువాత, విమోచన ధనం చెల్లించలేని ఖైదీలలో చదవటం వ్రాయటం వచ్చినవారు ఒక్కొక్కరు పదిమంది మదీనా పిల్లలకు అక్షరాలు నేర్పితే విడుదల చేసినట్లు సీరత్ గ్రంథాలు చెబుతున్నాయి. ఆ గురువులు విశ్వాసులు కారు, శత్రుపక్షంవారు. అక్షరం ఎవరి నుండి వచ్చినా స్వీకరించదగినదే అన్న సూత్రం ఇందులో ఇమిడి ఉన్నది. హజ్రత్ జైద్ బిన్ సాబిత్ (రజి) యూదుల లిపిని ప్రవక్త ఆదేశం మీద పదిహేను రోజులలోపే నేర్చుకున్నారని హదీసు గ్రంథాలలో ఉన్నది. కనుక పరభాష, పరలిపి నేర్వటం ధర్మానికి దూరం కావటమన్న అపోహకు మన సంప్రదాయంలో చోటు లేదు.

పిల్లల చదువును ఒక శాస్త్రంగా ఆలోచించినవారు కూడా ముస్లింలలో తొలినాళ్లనుండే ఉన్నారు. ఉత్తర ఆఫ్రికాలోని ఖైరవాన్ నగరానికి చెందిన ఇబ్న్ సహ్నూన్ (మరణం క్రీ.శ. 870) బడిపంతుళ్ల నడవడిని గురించి ప్రత్యేక గ్రంథమే వ్రాశాడు. బీద పిల్లవాడిని, కలవారి పిల్లవాడిని సమానంగా చూడటం, దండనకు హద్దు ఉండటం అందులోని ముఖ్య విషయాలు.

మన చర్చకు అన్నిటికంటే దగ్గరగా వచ్చేది ఇబ్న్ ఖల్దూన్ (1332-1406) 'ముఖద్దిమా'లోని ఒక ప్రకరణం. వివిధ దేశాలలో పిల్లల చదువు ఎలా మొదలవుతుందో ఆయన పోల్చి చూశాడు. మగ్రిబ్ దేశంలో ఖుర్ఆన్ పఠనం ఒక్కటే నేర్పేవారు. అందలూసియాలో ఖుర్ఆన్‌తోపాటు కవిత్వం, వ్యాకరణం, దస్తూరి కలిపి నేర్పేవారు. మొదటి పద్ధతిలో పెరిగినవారికి భాషమీద పట్టు చిక్కటం లేదనీ, రెండవ పద్ధతిలో పెరిగినవారు భాషలో గట్టివారవుతున్నారనీ ఆయన గమనించాడు. అంతకు రెండు శతాబ్దాల ముందే ఖాజీ అబూబకర్ ఇబ్నుల్ అరబీ (1076-1148) ముందుగా భాష, కవిత్వం, తరువాత లెక్కలు, ఆ తరువాత ఖుర్ఆన్ అన్న క్రమాన్ని సూచించాడు. బిడ్డకు అర్థంకానిదానితో చదువు మొదలుపెట్టటం సరికాదన్నది ఆయన వాదం. ఇబ్న్ ఖల్దూన్ ఈ సూచనను మెచ్చుకున్నాడు, కాని ఆచారం అందుకు ఒప్పుకోదన్నాడు. అందుకు కారణం కూడా చెప్పాడు. బిడ్డ పెద్దల చేతిలో ఉన్నంతకాలమే చెప్పినట్లు వింటాడు, యౌవనంలో చేయిజారిపోతే ఖుర్ఆన్ నేర్వకుండానే మిగిలిపోవచ్చునన్న భయం తల్లిదండ్రులది. పసివారిమీద కాఠిన్యం చూపితే వారిలో ఉత్సాహం అణగిపోయి అబద్ధం, కపటం అలవాటవుతాయని కూడా ఆయన హెచ్చరించాడు. ఆరువందల ఏళ్లనాటి ఈ చర్చ నేటి బందరు మసీదు వరండాలో కూడా ముగియలేదు.

బందరు: రెండు లిపుల సీమ

గోల్కొండ కుతుబ్ షాహీల కాలంలో మచిలీపట్నం రాజ్యానికి ప్రధానమైన రేవు. ఇరాన్ వర్తకులు, అరబ్బు నావికులు, ఉత్తరాది ముస్లింలు ఇక్కడ స్థిరపడ్డారు. తరువాతి కాలంలో మీర్ జుమ్లాగా ప్రసిద్ధికెక్కిన మీర్ ముహమ్మద్ సయ్యద్ కొంతకాలం ఈ రేవుకు అధికారిగా ఉన్నాడు. డచ్చివారు, 1611లో ఇంగ్లీషువారు, ఆపైన ఫ్రెంచివారు ఇక్కడ గిడ్డంగులు పెట్టారు. ఈ పట్నం పేరుతో ముడిపడిన అద్దకం కళను 'కలంకారీ' అంటున్నామంటే, అందులోని 'కలం' పారశీకం నుండి వచ్చినదే.

పాలనలో పారశీకం ప్రధానమైనా గోల్కొండ ఫర్మానాలు అనేకం పారశీకంలోను తెలుగులోను రెండు భాషలలో వెలువడ్డాయి. ఇబ్రహీం కుతుబ్ షా (పాలన 1550-1580) తెలుగు కవులను ఆదరించి 'మల్కిభరాముడు'గా కీర్తికెక్కాడు. అద్దంకి గంగాధర కవి 'తపతీ సంవరణోపాఖ్యానము' ఆయనకే అంకితం. గోల్కొండ సర్దారు అమీన్ ఖాన్‌కు పొన్నగంటి తెలగన 'యయాతి చరిత్రము' అంకితమిచ్చాడు. అచ్చ తెనుగు కావ్యాలలో అది మొదటిదిగా ప్రసిద్ధం. కనుక ముస్లింకు తెలుగు అక్షరం కొత్త కాదు, పరాయిదీ కాదు. ఇద్దరి మధ్య గోడ తరువాతి కాలంలో లేచినది.

బిస్మిల్లా నుండి హదియా వరకు

మన ప్రాంతపు ముస్లిం బిడ్డ తొలి చదువును గురించి ఒక విలువైన ఆధారం మన పొరుగునే పుట్టింది. ఏలూరు ప్రాంతానికి చెందిన జాఫర్ షరీఫ్ దక్షిణదేశపు ముస్లింల ఆచారాలను పుట్టుక నుండి మరణం వరకు దక్కనీలో వివరంగా వ్రాశాడు. హెర్క్‌లాట్స్ అనే వైద్యుడు దానిని ఇంగ్లీషులోకి మార్చగా 'ఖానూనె ఇస్లాం' పేరుతో 1832లో లండన్‌లో అచ్చయింది.

బిడ్డకు నాలుగు సంవత్సరాల నాలుగు నెలల నాలుగు రోజులు నిండినప్పుడు బిస్మిల్లా వేడుక జరిగేది. బంధువులు కూడేవారు. గురువు బిడ్డచేత 'బిస్మిల్లా' పలికించి, ఖుర్ఆన్‌లోని చిన్న వాక్యాలు తనవెంట చెప్పించేవాడు. ఆ తరువాతనే మక్తబ్ చదువు. అక్కడ ముందు ఖాయిదా, పిదప ఖుర్ఆన్ నాజిరా పఠనం. ఖుర్ఆన్ పూర్తిచేసిన రోజున గురువుకు బట్టలు, రొక్కం సమర్పించే వేడుకను హదియా అనేవారు.

ఈ గ్రంథంలో చెప్పిన మరొక ఆచారం ఈనాటి ఉపాధ్యాయులు ప్రత్యేకంగా గమనించదగినది. పండుగలు వచ్చినప్పుడు గురువు రంగు కాగితం మీద ఒక పద్యమో ఆశీస్సో వ్రాసి పిల్లవాడికి ఇచ్చేవాడు. దానిని 'ఈదీ' అనేవారు. పిల్లవాడు ఇంటికి తీసుకువెళ్లి తల్లిదండ్రుల ముందు చదివి వినిపించేవాడు. వారు సంతోషించి గురువుకు రూపాయో రెండు రూపాయలో పంపేవారు. పైకి ఇది గురువు జీతానికి మార్గమే. కాని మరొక విధంగా చూస్తే, బిడ్డ చదువు మక్తబ్ గడప దాటి ఇంటివారి చెవిన పడే సందర్భం ఇది. తల్లి వింటున్నదని తెలిసి చదివే చదువుకు, బెత్తానికి భయపడి చదివే చదువుకు ఎంత తేడా ఉన్నదో చెప్పనక్కరలేదు.

తెలుగు వీధిబడిలోనూ ఇటువంటిదే ఉండేది. దసరా రోజులలో పిల్లలు పంతులుగారితో కలిసి ఇంటింటికీ వెళ్లి దసరా పద్యాలు పాడేవారు. గృహస్థులు పంతులుగారికి కానుక, పిల్లలకు పప్పుబెల్లాలు ఇచ్చేవారు. ఈదీ కాగితం, దసరా పద్యం ఒకే గ్రామజీవనంలోని రెండు ముఖాలు.

వీధిబడి: 1820ల నాటి లెక్కలు

మద్రాసు గవర్నరు సర్ థామస్ మన్రో 1822లో రాష్ట్రమంతటా దేశీయ పాఠశాలల వివరాలు సేకరించవలసిందిగా కలెక్టర్లను ఆదేశించాడు. మచిలీపట్నం జిల్లానుండి వెళ్లిన నివేదికలో 484 పాఠశాలలు, పైచదువుల కేంద్రాలు 49 కనబడుతున్నాయి. నాడు జిల్లా జనాభా 5,29,849. 1826 మార్చిలో మన్రో తన అభిప్రాయాన్ని వ్రాసే నాటికి రాష్ట్రం మొత్తంమీద 12,498 పాఠశాలలు, 1,88,650 మంది విద్యార్థులు లెక్కకు వచ్చారు. ఇళ్లలో తల్లిదండ్రుల దగ్గర, సొంత గురువుల దగ్గర చదివేవారు దీనికి అదనం. మద్రాసు పట్నంలోనే అటువంటివారు 26 వేలకు పైగా ఉన్నట్లు తేలింది. మసీదు వరండాలలో, ఇళ్ల అరుగులమీద, ఉస్తానీల నట్టిండ్లలో జరిగిన చదువులో ఎంత భాగం ఈ లెక్కలకు చిక్కి ఉంటుందన్నది పాఠకులే ఊహించవచ్చు. ముఖ్యంగా ముస్లిం బాలికల చదువు దాదాపు అంతా గోడలలోపలే సాగింది.

ఆ కలెక్టర్ల నివేదికలలో అన్నిటికంటే లోతైనది బళ్లారి కలెక్టరు ఎ.డి. క్యాంబెల్ 1823 ఆగస్టులో పంపినది. హిందూ బాలుడికి అయిదవ ఏట గణపతి పూజ చేసి, గురువు వేలు పట్టుకొని బియ్యంలో అక్షరం వ్రాయించే వేడుకను అతడు వర్ణించాడు. బిస్మిల్లా వేడుకకు, ఈ అక్షరాభ్యాసానికి ఉన్న పోలిక స్పష్టం. పిల్లలు ఇసుకలో వ్రేలితో వ్రాస్తూ, పెద్దపిల్లలు చిన్నపిల్లలకు చెబుతూ నేర్చుకునే ఈ దేశీయ పద్ధతినే మద్రాసు ఎగ్మూరులోని అనాథ బాలుర పాఠశాలలో ఆండ్రూ బెల్ ప్రయోగించి 1797లో పుస్తకంగా వెలువరించాడు. అది ఇంగ్లండులో 'మద్రాసు పద్ధతి'గా వ్యాపించింది.

క్యాంబెల్ ఎత్తిచూపిన లోపం ఒకటి ఉన్నది. తెలుగు బడులలో చదివించే పుస్తకాలు పద్యంలో ఉన్నాయి. వాటి భాష వాడుక భాషకు దూరం. లిపి ఒకటే గనుక పిల్లవాడు పైకి చదవగలడు, కాని అర్థం చేసుకోలేడు. అంటే వీధిబడిలో కావ్యం, మక్తబ్‌లో నాజిరా రెండూ బిడ్డను ఒకేచోట నిలబెట్టాయి. నోరు చదువుతుంది, మనసు దూరంగా ఉంటుంది. దీనిని ముస్లింల లోపంగానో హిందువుల లోపంగానో చూడటం చరిత్రకు అన్యాయం.

ఈ లోపాన్ని సవరించే ప్రయత్నాలు తెలుగులో క్రమంగా జరిగాయి. సి.పి. బ్రౌన్ మచిలీపట్నంలో ఉద్యోగం చేస్తుండగా 1823లో ఇక్కడ ఉచిత పాఠశాల నడిపాడు. పుదూరు సీతారామశాస్త్రి 'బాలశిక్ష' రచన కూడా 'ఖానూనె ఇస్లాం' అచ్చయిన 1832వ సంవత్సరం నాటిదేనంటారు. అదే పెరిగి పెరిగి 'పెద్దబాలశిక్ష' అయింది. ఇరవయ్యవ శతాబ్ది ఆరంభంలో గిడుగు రామమూర్తి (1863-1940) పిల్లలకు వాడుక భాషలోనే చదువు చెప్పాలని ఉద్యమించాడు. ఇబ్నుల్ అరబీ చెప్పినదానికి, గిడుగు చెప్పినదానికి మూలంలో భేదం లేదు.

మూడు లిపులు, మూడు స్వభావాలు

ఇక్కడ లిపుల స్వభావాన్ని కొంచెం వివరంగా చూడటం అవసరం. ఖాయిదాలో బిడ్డ మొదట 28 అరబీ అక్షరాలను విడివిడిగా, తరువాత మాట మొదట, నడుమ, చివర అవి మార్చుకునే రూపాలను గుర్తుపడతాడు. పిమ్మట జబర్, జేర్, పేష్ గుర్తులు చేర్చి హిజ్జే చేస్తాడు. 'బే జబర్ బ, బే జేర్ బి, బే పేష్ బు' అని రాగయుక్తంగా సాగే ఈ అభ్యాసం తెలుగు గుణింతానికి తోబుట్టువు. ఖుర్ఆన్ ప్రతిలో ఈ గుర్తులన్నీ ఉంటాయి కనుక, అరబీ భాష రాని బిడ్డ కూడా శుద్ధంగా చదవగలడు.

తెలుగు కూడా పలికినదంతా వ్రాసే లిపి. తలకట్టు, గుడి, కొమ్ము, వత్తు తెలిస్తే తెలియని మాటనైనా చదవవచ్చు.

ఉర్దూ విషయం వేరు. అరబీలో లేని ప, చ, గ, ట, డ వంటి ధ్వనులకు అదనపు అక్షరాలు ఉండటం అటుంచి, మామూలు ఉర్దూ పుస్తకంలో జబర్, జేర్, పేష్ గుర్తులు వేయరు. మాట ముందే తెలిసి ఉంటేనే దానిని సరిగ్గా చదవగలం. కనుక ఉర్దూ చదవటానికి ఉర్దూ మాటల నిధి ముందుగా చెవిలో ఉండాలి. ఇంట్లో పెద్దలు కథలు చెప్పి, పొడుపులు విప్పించి, మాటలు నేర్పిన బిడ్డకు ఉర్దూ సులువు. ఇంట్లో ఆ భాష వినపడని బిడ్డకు అదే కష్టం.

పూర్వులు ఈ సంగతి గ్రహించారు. అమీర్ ఖుస్రో పేరుమీద చెలామణి అయిన 'ఖాలిక్ బారీ' పారశీక, అరబీ మాటలకు హిందవీ అర్థాలను పద్యాలలో కూర్చిన చిన్న నిఘంటువు. అది ఖుస్రో రచనేనా అన్న సందేహం పండితులకు ఉన్నా, పిల్లలు తరతరాలుగా దానిని వల్లించారు. తెలిసిన మాట చేయి పట్టుకొని తెలియని మాట దగ్గరకు నడిపించటం దాని కిటుకు. మౌలానా అష్రఫ్ అలీ థాన్వీ ఆడపిల్లల కోసం వ్రాసిన 'బహిష్తీ జేవర్' ఉర్దూ అక్షరమాలతో మొదలై ఉత్తరాలు వ్రాసే పద్ధతిని కూడా నేర్పుతుంది. ధర్మబోధకు ముందు అక్షరం కావాలన్న వివేకం అందులో ఉన్నది.

1871 తరువాత

1759లో మచిలీపట్నం కోట ఇంగ్లీషువారి వశమైన తరువాత పారశీకానికి కొలువులు తగ్గుతూ వచ్చాయి. 1843లో రాబర్ట్ నోబుల్ ఇక్కడ ఇంగ్లీషు పాఠశాల స్థాపించాడు. 1852లో విద్యార్థులు ఇద్దరు క్రైస్తవం స్వీకరించగా తల్లిదండ్రులు పిల్లలను మానిపించారు. మిషన్ బడిని గురించి ఏర్పడిన భయం ఏ ఒక్క మతానికో పరిమితం కాలేదు. 1864 నవంబరు 1 నాటి ఉప్పెనలో బందరు ప్రాంతంలో సుమారు ముప్పైవేల మంది మరణించారు. పట్నం మళ్లీ పూర్వవైభవాన్ని అందుకోలేదు.

1871 ఆగస్టులో లార్డ్ మేయో ప్రభుత్వం ముస్లింల విద్యను గురించి తీర్మానం చేసింది. దాన్ని అనుసరించి మద్రాసు ప్రభుత్వం 1872లో ముస్లింలు అధికంగా ఉన్న పట్టణాలలో హిందుస్తానీ మాధ్యమంగా ప్రాథమిక తరగతులు ఏర్పరచాలని ఉత్తర్వులిచ్చింది. 1882 నాటి హంటర్ కమిషన్ కూడా దేశమంతటి ముస్లింల విద్యను ప్రత్యేకంగా పరిశీలించింది. ఇవి మేలు చేశాయనటంలో సందేహం లేదు. కాని ముస్లిం అంటే ఉర్దూ అన్న భావన వీటితో గట్టిపడింది. పట్నంలోని సయ్యద్, షేక్ కుటుంబాలకు అది సరిపోయింది. గుడివాడ చుట్టుపక్కల, దివిసీమ పల్లెలలో తరతరాలుగా తెలుగే మాట్లాడే నూర్‌బాషా కుటుంబాల బిడ్డ మాత్రం ఈ లెక్కలో ఎక్కడా ఇమడలేదు. అతడి ఇంటి భాషలో ధర్మగ్రంథం లేదు, ధర్మగ్రంథపు లిపిలో అతడి ఇంటి భాష లేదు.

ఈ లోటును మొదట పూరించినవాడు ముస్లిం కాకపోవటం మనం కృతజ్ఞతతో తలచుకోవలసిన విషయం. ఆచార్య చిలుకూరి నారాయణరావు 1920ల దశకంలో ఖుర్ఆన్‌ను తెలుగులోకి తెచ్చాడు. ఆ తరువాత ముస్లిం పండితుల అనువాదాలు, హదీసు సంకలనాలు, పిల్లల ధార్మిక పాఠాలు తెలుగులో వచ్చాయి. షా వలీయుల్లా పద్దెనిమిదవ శతాబ్దిలో ఖుర్ఆన్‌ను పారశీకంలోకి, ఆయన కుమారుడు షా అబ్దుల్ ఖాదిర్ ఉర్దూలోకి మార్చారు. ఆ వరుసలో తెలుగు చేరటానికి ఇంత ఆలస్యం కావటమే విచారకరం.

స్వాతంత్ర్యానంతరం

1975 అక్టోబరు 2న ఆరంభమైన సమగ్ర శిశు అభివృద్ధి పథకంతో బడి ఈడుకు ముందే పిల్లలను చేరదీసే అంగన్‌వాడీలు వచ్చాయి. 1977 నవంబరు 19న దివిసీమను ముంచెత్తిన ఉప్పెన పదివేలకు పైగా ప్రాణాలు తీసింది. అక్కడ కులమతాల తేడా లేకుండా ఇల్లు, గుడి, మసీదు, బడి అన్నీ ఒకే నీటిలో మునిగాయి. అటువంటి చోట పసిపిల్లల చదువును తిరిగి నిలబెట్టటమంటే గోడలు లేపటం మాత్రమే కాదు, కథ చెప్పే అవ్వను, ఖాయిదా చెప్పే హజ్రత్‌ను పోగొట్టుకున్న ఊరిలో మాటను తిరిగి బ్రతికించటం.

బిడ్డ తొలి చదువుకు తల్లిభాషే తగినదని యునెస్కో నిపుణులు 1953లోనే ప్రకటించారు. 2020 నాటి జాతీయ విద్యావిధానం కనీసం అయిదవ తరగతి వరకు, వీలైనచోట, ఇంటి భాషలో బోధించాలన్నది. మూడవ తరగతి ముగిసేసరికి ప్రతి బిడ్డా అర్థవంతంగా చదవగలగాలన్న లక్ష్యంతో 2021లో 'నిపుణ్ భారత్' మొదలైంది. 2022లో ఆంధ్రప్రదేశ్ శాసనసభ ఉర్దూను రాష్ట్రమంతటా రెండవ అధికార భాషగా చేసింది. చట్టాలు తమ పని చేశాయి. మిగిలిన పని మన ఇళ్లలో, మన మక్తబ్‌లలో ఉన్నది.

ముగింపు

పై చరిత్రనుండి కొన్ని నిర్ణయాలకు రావచ్చు. మొదటిది, ఖుర్ఆన్ పఠనాన్ని వాయిదా వేయమనటం మన ఉద్దేశం కాదు. ఇబ్న్ ఖల్దూన్ చెప్పిన తల్లిదండ్రుల భయం ఈనాటికీ నిజమే. పైగా పసినాట అలవడిన ఉచ్చారణ పెద్దయ్యాక అలవడటం కష్టం. కాని నాజిరాతో తృప్తిపడటం తగదు. ప్రతి చిన్న సూరాకూ దాని భావాన్ని బిడ్డ ఇంట్లో మాట్లాడే భాషలో, రెండు మాటలలో చెప్పాలి. ఆ భాష దక్కనీ అయితే దక్కనీలో, తెలుగు అయితే తెలుగులో. తెలుగులో చెప్పటం ధర్మానికి తక్కువ కాదు.

రెండవది, మక్తబ్‌కు, బడికి మధ్య పోటీ అనవసరం. హిజ్జే నేర్చిన బిడ్డ గుణింతాన్ని త్వరగా గ్రహించగలడు. ధ్వనిని, గుర్తును కలిపే కిటుకు రెండింటిలో ఒకటే. ఆ సంగతి ఉస్తాదుకు, పంతులుగారికి తెలిస్తే చాలు, మూడు లిపుల భారం చాలావరకు తగ్గుతుంది. అయితే మూడింటినీ ఒకే నెలలో బిడ్డ నెత్తిన పెట్టకుండా, ఒకటి కొంత కుదురుకున్న తరువాత మరొకటి మొదలుపెట్టటం వివేకం.

మూడవది, ఈదీ కాగితాన్ని తిరిగి తెద్దాము. ఖర్చు లేని పని ఇది. పండుగకు ముందు ఉస్తాదు ప్రతి బిడ్డకు రెండు పంక్తులు వ్రాసి ఇవ్వాలి, బిడ్డ ఇంట్లో అందరి ముందు చదవాలి. చదవటం రాని తల్లి అయినా వినగలదు, ప్రశ్నించగలదు, కథగా తిరిగి చెప్పించుకోగలదు. బిడ్డకు మాటల నిధి సమకూరేది ఆ సంభాషణలోనే.

నాలుగవది, తెలుగు మాట్లాడే ముస్లిం పిల్లలకోసం మంచి బొమ్మల పుస్తకాలు, ప్రవక్తల కథలు, చిన్న చిన్న గేయాలు సరళమైన తెలుగులో ఇంకా విరివిగా రావాలి. మన సంస్థలు పెద్దల గ్రంథాలమీద పెడుతున్న శ్రద్ధలో నాలుగవ వంతు పసివారి పుస్తకాలమీద పెట్టినా ఈ లోటు తీరుతుంది.

బద్ర్ ఖైదీ ఒక్కొక్కరికి పదిమంది పిల్లలను అప్పగించారు. అది పెద్ద సంఖ్య కాదు. బందరులో, గుడివాడలో, అవనిగడ్డలో చదువు వచ్చిన ప్రతి ముస్లిం స్త్రీ, ప్రతి ముస్లిం పురుషుడు తమ వీధిలో పదిమంది బిడ్డలను చదివించే బాధ్యత తీసుకుంటే, ఈ డెల్టాలో అర్థం తెలియకుండా అక్షరాలు వల్లించే బిడ్డ ఉండడు.